కల్పితలోకమునకు పంచాంగము

కథకు పంచాంగమేల యని యడుగువారు కలరు. నాయకుడు బయలుదేరెను, కష్టములు పడెను, కార్యము సాధించెను. ఆనాడు తేదీ యేది, వారమేది యని విచారించుట జోస్యులకు తగునుగాని రసికులకు తగదని వారి యాక్షేపము. దీనికి మన భారతమే సమాధానము చెప్పుచున్నది. ఉత్తరగోగ్రహణవేళ నర్జునుడు బయటపడగానే యజ్ఞాతవాసపు గడువు తీరలేదని దుర్యోధనుడు పట్టుపట్టెను. అప్పుడు భీష్ముడు ఐదేండ్లకు రెండేసి యధికమాసములు వచ్చునని లెక్కవేసి, పదుమూడేండ్లకు ఐదు మాసములు, పండ్రెండు రాత్రులు ఎక్కువైనవనియు, గడువు తీరినదనియు తీర్పు చెప్పెను. తిక్కనగారి విరాటపర్వము చదివిన మన యిండ్లలో నీ ఘట్ట మెఱుగనివారుండరు. అచట రాజ్యమంతయు నధికమాసగణనముమీద నిలిచినది. కావున కథలో కాలగణనము ఉండవచ్చునా యనుట ప్రశ్న గాదు. అది కథలోని మనుష్యుల బ్రతుకును పట్టుకొని యున్నదా, లేక కర్త పాండిత్యమును చాటుటకై యతికింపబడినదా యనుటయే ప్రశ్న.

ఇంగ్లీషున నీ ప్రశ్నకు మిక్కిలి తగిన గ్రంథమొకటి కలదు. జె. ఆర్. ఆర్. టోల్కీన్ (1892–1973) వ్రాసిన ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ 1954, 1955 సంవత్సరములలో మూడు సంపుటములుగా వెలువడినది. దుష్టశక్తి గల యుంగరమొకదానిని అగ్నిపర్వతమున పడవైచుటకై యొక పొట్టివాడు చేసిన ప్రయాణమే కథ. గ్రంథకర్త ఆక్సుఫర్డు విశ్వవిద్యాలయమున ప్రాచీనాంగ్లభాష కాచార్యుడుగా నుండినవాడు. మూడవ సంపుటము చివర ననుబంధములు కొన్ని కలవు. వానిలో ‘డి’ యనునది కాలగణనమును గుఱించినది. కథను శ్రద్ధతో చదివినవారు గూడ పెక్కండ్రు ఈ పుటలను త్రిప్పివేయుదురు. మేము నిలిచి చదివితిమి. పెన్సిలు తీసికొని లెక్కలు గూడ వేసితిమి.

ఆ పొట్టిజాతివారికి హాబిట్లని పేరు. వారి దేశము షైరు. వారు సేద్యము చేసికొని బ్రతుకువారు, దొరికినయెడల దినమునకు ఆఱు భోజనములు చేయువారు, పొరుగూరు దాటుట కిష్టపడనివారు. టోల్కీన్ తన లోకమును వేఱొక గ్రహముగా గాక మన భూమికే మఱపున పడిన పూర్వకాలముగా భావించెను గనుక వారి సంవత్సరమును మన సంవత్సరమే: 365 దినములు, 5 గంటలు, 48 నిమిషములు, 46 సెకనులు. మాసములు పండ్రెండు; ప్రతి మాసమునకును ముప్పదే దినములు. మిగిలిన యైదు దినములు ఏ మాసమునకును చెందవు. సంవత్సరాంతదినమును, సంవత్సరాదిదినమును ‘యూలు’ దినములు. నడివేసవిలో ‘లిథు’ మొదటిది, నడియేటి దినము, ‘లిథు’ రెండవది యని మూడు. నాలుగేండ్ల కొకసారి, శతాబ్దపు చివరి యేట దప్ప, నడియేటి దినము వెనుక ‘ఓవర్‌లిథు’ అను నధికదినము వచ్చును.

ఇంతవరకు లెక్కలు వచ్చిన బడిపిల్లవాడెవడైనను కాగితముమీద కల్పింపగలడు. టోల్కీన్ ప్రజ్ఞ దీనికి పైని మొదలగుచున్నది. ఐసెన్‌గ్రిమ్ అను పేరుగల రెండవ పెద్ద కాలమున షైరువారొక సంస్కరణము చేసిరట. నడియేటి దినమునకును, దాని వెంటవచ్చు నధికదినమునకును వారము పేరు లేకుండ తీసివేసిరి. మేము లెక్కించి చూచితిమి. సంవత్సరాదినుండి లిథు మొదటి దినమువఱకు 182 దినములు, అనగా సరిగా ఇరువదియాఱు వారములు. లిథు రెండవ దినమునుండి సంవత్సరాంతమువఱకు మరల ఇరువదియాఱు వారములే. నడుమ నున్నది లెక్కలోనికి రాదు. కావున ప్రతి సంవత్సరమును శనివారమున మొదలై శుక్రవారమున ముగియును. ఏ తేదీకైనను ఏ యేటనైనను ఒక్కటే వారము. అది మొదలు షైరువారు జాబులలోను దినచర్యలలోను వారము వ్రాయుట మానివేసిరి. ఇంటిపట్టున నున్నంతకాలము వారి కిది హాయిగానే యుండెను. బ్రీ యను గ్రామము దాటిపోయినవారికి మాత్రము చిక్కు.

ఈ సంస్కరణమునుండి పుట్టిన యొక పలుకుబడిని గ్రంథకర్త చెప్పుచున్నాడు. మాసములు వరుసగా ఆది, మంగళ, గురు, శని, సోమ, బుధవారములలో మొదలగును. నడియేటి తరువాత నీ వరుసయే తిరిగి వచ్చును. శుక్రవారమున నేమాసమును మొదలుకాదు. కావున ‘శుక్రవారము ఒకటవ తేదీన’ అన్నచో నెన్నటికిని రాని దినమని షైరులో నర్థము. మన తార్కికులు కుందేటికొమ్మనియు, గగనకుసుమమనియు చెప్పునది వారికి శుక్రవారము ఒకటవ తేదీ. ఆ దినమున జరుగునని వారు హాస్యమున కుదాహరించు పనులలో చెట్లు నడచుట యొకటి. కథ చదివినవారికి తెలియును, అందు చెట్లను కాచు నెంట్లు అను వృక్షాకారులు నిజముగానే కదలివత్తురు. వారి మహాసభ కాలక్రమపట్టికలో ఫిబ్రవరి 30న మొదలైనట్లున్నది. మనకు గగనకుసుమమైన తేదీని వారికి గగనకుసుమమైన కార్యము ఆరంభమైనది! ఒక జాతి తన పంచాంగముతో పరిహాసమాడుకొనుచున్నదనిన, ఆ పంచాంగమును చాలకాలము వాడినదని యర్థము. ఎంత వింతపేరైనను పుట్టించుట సులభమే. అఱిగిన పలుకుబడిని పుట్టించుటయే కష్టము.

మాసనామములలోను నిదే నేర్పు కనబడుచున్నది. వీనిని టోల్కీన్ గాలిలోనుండి తీయలేదు. బీడ్ అను నాంగ్లసన్న్యాసి 725లో కాలగణనమును గుఱించి లాటినున నొక గ్రంథము వ్రాసి, క్రైస్తవమతము రాకపూర్వము తన జాతివారు వాడిన మాసముల పేర్ల నందు పదిలపఱచెను. దినమునకు ముమ్మాఱు ఆవులను పిదుకు మాసమొకటి, కలుపుమొక్కల మాసమొకటి, పశువులను బలియిచ్చు మాసమొకటి. ఈ పేర్లే వేయి నోళ్ల నలిగినచో నెట్లుండునో యట్లు టోల్కీన్ వానిని మార్చి థ్రిమిడ్జ్, వెడ్‌మాత్, బ్లాట్‌మాత్ అని షైరువారి కిచ్చెను. బ్లాట్‌మాత్ అనుదానిని జనులు బ్లాడ్‌మాత్ అనియు, బ్లామ్మాత్ అనియు పలుకుదురని గూడ చేర్చెను. మన రైతులు ఆర్ద్రను ఆరుద్ర యనుటయు, తెలంగాణమున మృగశిరను మిరుగు అనుటయు నెఱిగినవారి కిది యెంత నిజమో వేఱుగ చెప్పనక్కఱలేదు. పురోహితుడు తిథిని చూచును; దుక్కిదున్నువాడు కార్తెను చూచును. పేరు అరుగునది రెండవవాని నోటనే.

అక్టోబరునకు సరిపోవు మాసమునకు షైరులో వింటర్‌ఫిల్త్ అని పేరు. ఇంగ్లీషున ‘ఫిల్త్’ అనగా మురికి. కావున పొరుగున నున్న బ్రీ గ్రామమువారు, షైరు బురదలో నున్నదని యీ పేరు పట్టుకొని యెగతాళి చేయుదురు. ఆ మాసమునకు బ్రీవారి పేరు వింట్రింగ్. షైరువా రూరకుందురా? అసలు పేరు మాదే. శీతకాలమునకు ముందు సంవత్సరము నిండుటయే దాని యర్థము. బ్రీవారు దానిని పాడుచేసిరి యని వారి వాదము. బీడ్ చెప్పిన యర్థము వేఱు; ఆ మాసపు పూర్ణిమతో శీతకాలము మొదలగునని యాయన యనెను. అనగా కర్త తన పాండిత్యమునకు తెలిసిన యర్థమును హాబిట్ల నోట పెట్టక, వారు తమకు తోచినట్లు చెప్పుకొనిన యర్థమును వారికి విడిచిపెట్టినాడు. పండితుడైన కర్తకు నోరు మూసికొనుటకంటె కష్టమైన పని లేదు. ఆ కష్టమును టోల్కీన్ కథాభాగమున నింకను మెచ్చదగునట్లు పడెను. కథ నడచునప్పుడు సెప్టెంబరు, మార్చి యను మనకు తెలిసిన పేర్లనే వాడి, తాను వారి గ్రంథమును అనువదించుచున్నట్లు చెప్పి, వింతపేర్ల నన్నిటిని అనుబంధమునకు త్రోసివేసెను. ఈయన ననుకరించి తరువాత పుట్టిన కల్పితలోకములలో మొదటి పుటనుండియే నోరుతిరుగని మాసనామములతో పాఠకుని కొట్టుట తఱచు. అట్టివారు గురువునుండి పేర్లు గ్రహించిరి గాని యీ యడకువను గ్రహింపలేదు.

బీడ్ చెప్పిన మఱియొక విషయము మనకు మిక్కిలి దగ్గఱిది. ఆ ప్రాచీనాంగ్లులు మనవలెనే చాంద్రమాసములను సౌరసంవత్సరముతో కూర్చినవారు. కొన్ని యేండ్లకు వచ్చు నధికమాసమును వేసవిలో చేర్చుచుండిరి; అప్పుడు లిథు మాసములు రెండుగాక మూడగును; ఆ యేటికి ‘మూడు లిథుల యేడు’ అని పేరు. టోల్కీన్ చంద్రుని విడిచి సూర్యుని పట్టుకొనెను గనుక నా యధికమాసము కుంచించి యొక్క యధికదినమైనది. కాని ఆ దినము నేమి చేసెనో చూడుడు. ఓవర్‌లిథు షైరులో విశేషమైన వేడుకల దినము. యుద్ధము ముగిసిన మఱుసటి యేట, షైరు లెక్కను 1420లో, వచ్చిన యా దినమున జరిగినంత సంబరము ఎవ్వరి జ్ఞాపకమునను లేదట. మన యధికమాసము మలమాసము, శూన్యమాసము. అందు పెండ్లి లేదు, గృహప్రవేశము లేదు. పురుషోత్తమమాసమని పేరుపెట్టి జపదానములకు తగినదని చెప్పుకొనుట తరువాతి యోదార్పు. లెక్కలో మిగిలిన కాలమును చూచి యొకజాతి భయపడినది. మఱియొకజాతికి కర్త దానినే కానుకగా నిచ్చినాడు. మాకు మాత్రము ఆ కానుక యందముగా తోచినది. లెక్కలు కుదురుటకై చేర్చిన దినమున దోషమెక్కడనుండి వచ్చునో మేము పిల్లలకు చెప్పలేకున్నాము.

టోల్కీన్ 1937లో ప్రకటించిన ‘ది హాబిట్’ అను పిల్లల కథలో నింతకంటె లోతైన కాలగణనవిషయ మొకటి కలదు. అందు మఱుగుజ్జుజాతివారికి నూతనసంవత్సరము శరదృతువున చివరి చంద్రమాసపు మొదటి దినము. ఆనాడు సూర్యచంద్రు లిద్దఱును ఒక్కసారిగా నాకాశమున కనబడినచో దానిని డ్యూరిన్ దినమందురు. పోయిన తమ నిధియున్న కొండతలుపు తెఱచుకొనుట కా దినపు సాయంకాలకాంతి కావలెను. కాని ఆ దినమెప్పుడు వచ్చునో లెక్కించు విద్య తమకిప్పుడు లేదని వారి నాయకుడే యొప్పుకొనును. పండుగ మిగిలినది, గణితము పోయినది! పిల్లల కథలో నింత దుఃఖము దాగియున్నదని మొదటి పఠనమున తట్టదు. మన స్థితి దీనికి తలక్రిందులు. మన సిద్ధాంతులు గణితమును వదలలేదు. ఆకాశమును చూచుట వదలినారు. సూర్యుడు నిజముగా నుత్తరమునకు తిరుగునది డిసెంబరు 21, 22 తేదీల ప్రాంతమున. మనము ఉత్తరాయణపుణ్యకాలమని స్నానదానములు చేయునది జనవరి 14, 15 తేదీలలో. అయనచలనమువలన నేర్పడిన యీ మూడువారములపై చిల్లర భేదమును మన పంచాంగము ఏటేట పదిలముగా ముద్రించుచున్నది. డ్యూరిన్ దినమును పోగొట్టుకొనిన మఱుగుజ్జులను చూచి నవ్వుటకు మన కధికారము లేదు.

ఎల్ఫులను నమరజాతివారి పంచాంగమును గుఱించి మేమింత ప్రశంస చేయజాలము. వారి సంవత్సరమున ఋతువు లాఱు, మాసములు లేవు. వసంతమున కేబదినాలుగు దినములు, గ్రీష్మమునకు డెబ్బదిరెండు, ఫలకాలమునకును ఆకురాలుకాలమునకును ఏబదినాలుగేసి, శీతమునకు డెబ్బదిరెండు, చిగురు కదలు కాలమున కేబదినాలుగు. వెరసి 360. ఆదిని నొకటి, తుదిని నొకటి, నడుమ మూడు దినములు చేర్చగా 365. పండ్రెండేండ్ల కొకసారి నడిమి మూడును ఆఱగును. ఆఱు ఋతువులు మనకు సహజములే. ఋణమును పోగుచేసి యొకసారిగా తీర్చు పద్ధతియు మన యధికమాసమువంటిదే. ఆఱు దినముల వారము గూడ వైదికసత్రములలోని షడహమును జ్ఞప్తికి తెచ్చును. చావులేనివారికి మన సంవత్సరము చాలదు గనుక 144 సంవత్సరముల కొక మహావర్షము. మన పురాణములలో మనుష్యుల సంవత్సరము దేవతల కొక యహోరాత్రము, మన 360 సంవత్సరములు వారి కొక సంవత్సరము, బ్రహ్మ పగలు 432 కోట్ల యేండ్లు. ఆయుర్దాయమునుబట్టి కాలమానము పెరుగవలెనను నూహ రెంటను నొక్కటే.

లెక్క సరిపోయినది. సరిపోయినను మనస్సు కదలలేదు. ఈ ఋతువులలో నేమి తిందురు, ఏ దినమున దేనికి వెఱతురు, ఏ పేరునుపట్టి పరిహాసమాడుదురు? అనుబంధమున సమాధానము లేదు. నలువది యేండ్లు దాటిన మావంటివారికి సంవత్సరము చిన్నదగుచున్నట్లు తోచును. అమరుల కెట్లు తోచునో చెప్పుటకు పట్టిక చాలదు. అది చెప్పినది కథయే. ఎల్ఫుల వనమైన లోత్‌లోరియెన్‌లో కొంతకాలము విశ్రమించి పడవపై సాగిపోవుచు, తోటమాలియైన సామ్ ఆకాశమున సన్నని నెలవంకను చూచి కంగారుపడును. తనకు నిశ్చయముగా గుర్తున్న రాత్రులు మూడు; మఱికొన్ని గడచినట్లును తోచును. చంద్రుని లెక్క చూచిన అచట నొక దినమైనను గడపినట్లు లేదు. ఆ పామరుని తికమకలో నమరుల కాలము మనకు తగిలినట్లు ఏబదినాలుగు డెబ్బదిరెండ్ల పట్టికలో తగులదు.

ఆ నెలవంక యాకాశమున సరియైన చోట నుండుటకు కర్త పడిన శ్రమ చెప్పదగినది. 1944 మే నెలలో టోల్కీన్ తన కుమారునకు వ్రాసిన జాబున, కథలోని చంద్రుడు ఒకచోట ఉదయించుచు నదే సమయమున నింకొకచోట అస్తమించుచున్నట్లు తేలినదనియు, వెనుకటి యధ్యాయములు దిద్దుటకు మధ్యాహ్నమంతయు పట్టినదనియు చెప్పుకొనెను. ఐరోపా మండిపోవుచున్న యేట నొక పెద్దమనిషి లేని లోకపు చంద్రుని సరిదిద్దుచు కూర్చుండెనా యని యెవరైన నెగతాళి చేయవచ్చును. మాకట్లు తోచదు. వేర్వేఱు దారుల చెదిరిపోయిన స్నేహితులు ఒక్క చంద్రునే చూచుచున్నారని పాఠకుడు నమ్మవలెను. నమ్మనిచో వారి యెడబాటు నతడు నమ్మడు.

ఇక సంస్కరణమునకు వత్తము. షైరువారు చేసికొనిన మార్పువంటిదానినే మన లోకమునను పెద్దలు తలపెట్టిరి. 1930లో న్యూయార్కున ఎలిజబెత్ అకెలిస్ అను నామె ప్రపంచ క్యాలెండరునకై సంఘమొకటి స్థాపించెను. ఆ పద్ధతిలో సంవత్సరమునకు 364 దినములే వారములలో చేరును. సంవత్సరాంతమున నొక దినమును, అధికసంవత్సరమున జూను 30 వెనుక నింకొక దినమును వారము పేరులేనివి. ప్రతి తేదీకిని ఎప్పటికి నొక్కటే వారము. షైరు పంచాంగముతో దీని పోలిక చదువరులు గమనింతురు. అధికదినము సంవత్సరమధ్యమునకు పడుట గూడ రెంట సమానమే. 1953లో నీ ప్రతిపాదనను ఐక్యరాజ్యసమితి ముందుంచినది భారతప్రభుత్వము. 1955లో అమెరికా కాదనెను. 1956లో సమితి దానిని వాయిదా వేసి మూలకు త్రోసెను. ఆక్షేపణము గణితమునుగుఱించి గాదు. యూదుల శనివారము, క్రైస్తవుల యాదివారము, మహమ్మదీయుల శుక్రవారము ఏడు దినముల తెగని గొలుసుమీద వ్రేలాడుచున్నవి. పేరులేని దినమొక్కటి నడుమ పడినచో గొలుసు తెగును. మన పంచాంగమున గూడ వారమొక యంగమే గదా. శనివారవ్రతము పట్టిన ముత్తైదువకు పేరులేని దినమును గుఱించి యెవరు నచ్చజెప్పుదురు?

ఫ్రెంచి విప్లవకారులు 1793లో వారమునే తీసివేసి పదిదినముల దశకమును పెట్టిరి. ముప్పది దినముల మాసములు, చివర ఐదారు పండుగదినములు; చూపునకు షైరు పంచాంగమునకు జ్ఞాతియే. ఏడవనాడు విశ్రమించు కూలివాడు పదవనాటివఱకు పనిచేయవలసివచ్చెను. మంచు మాసమని పారిసున పెట్టిన పేరు మంచెఱుగని వారి ద్వీపములకు గూడ చెల్లినది. 1806 జనవరి 1వ తేదీతో నా ముచ్చట తీరినది.

మనదేశమున 1952లో మేఘనాథ సాహాగారి యధ్యక్షతను పంచాంగసంస్కరణసంఘ మేర్పడి, 1955లో నివేదిక ప్రకటించెను. టోల్కీన్ మూడవ సంపుటము వెలువడినదియు నా యేటనే. సంఘము సూచించిన శకసంవత్సరము 1957 మార్చి 22న, అనగా 1879 చైత్రము 1వ తేదీన, అమలులోనికి వచ్చినది. సాహాగారు దానిని చూడలేదు, 1956లోనే స్వర్గస్థులైరి. ఆ గణన నిర్దుష్టము. విషువత్తు మఱునాడు సంవత్సరము మొదలగును; వసంతము వసంతమునందే యుండును. గెజెటు తలమీద నేటికిని అచ్చగుచున్నది. కాని మార్చి 22 వచ్చినంతమాత్రమున నే తెలుగింటను వేపపూత పచ్చడి కలుపరు. ఇందు గణితజ్ఞుల తప్పు మాకు కనబడదు. పండుగను వెంట తీసికొనిపోని తేదీని ఇల్లు లోపలికి రానీయదు; అంతే.

ఇచటనే టోల్కీన్ రచనలోని పెద్దకొఱత మాకు కనబడుచున్నది. ఐసెన్‌గ్రిమ్ నాటి సంస్కరణమునకు షైరులో నెదిరించినవాడొక్కడును లేడు. ఏల లేడు? ఆ దేశమున గుడిలేదు, పురోహితుడులేడు, పంచాంగము వ్రాసి బ్రతుకువాడు లేడు. ముహూర్తము పెట్టువారు లేరు. ముహూర్తము తప్పెనని యాడుపిల్లను నిందించువారును లేరు. పెద్దకుటుంబమొకటి తమ యూరి పుట్టుకలు, పెండ్లిండ్లు, భూమి యమ్మకములు ‘పసుపుతోలు’ అను పేరుగల పుస్తకమున వ్రాసికొనుచుండిరని మాత్రమున్నది. తాను నిష్ఠగల కాథలిక్కు ఐ యుండియు టోల్కీన్ ఏడవదినపు పవిత్రత నెఱుగని జాతిని కల్పించెను. కావుననే యా జాతికి వారమును విఱచుట యంత సులభమైనది. కాలగణనమువలన నష్టపోవువాడు, లాభపడువాడు, భయపడువాడు లేనిచోట సంస్కరణము లెక్కదిద్దుటతో సమానము. నిజమైన సంస్కర్త కెదురగునది లెక్క గాదు, లెక్కమీద బ్రతుకువాడు. హాస్యమునకును, గ్రామవైరమునకును, ఉచ్చారణభేదమునకును చోటిచ్చిన కర్త దీనికి చోటియ్యలేదు. భీష్ముడు చెప్పిన లెక్కను దుర్యోధనుడు ఒప్పుకొనలేదు; ఒప్పుకొనకపోవుటనుండియే యుద్ధము వచ్చినది. షైరులో నొక్క దుర్యోధనుడైన లేకపోయెను.

ఐనను ఆజ్ఞవలన వచ్చు పండుగకును తానుగా పుట్టు పండుగకును గల భేదమును టోల్కీన్ ఎఱుగును. ఉంగరము నశించిన దినము మార్చి 25. కొత్తరాజు ఆ దినముననే సంవత్సరాదియని గోండోరు రాజ్యమున శాసించెను. ఇంగ్లండునను 1752కు పూర్వము చట్టము ప్రకారము సంవత్సరాది మార్చి 25నే. క్రీస్తుమాతకు దేవదూత శుభవార్త చెప్పిన పండుగ యది. కర్త యెంచుకొనిన తేదీ వెనుక నాయన మతము కనబడుచున్నది. కథలోనివారి కా సంగతి తెలియదు. ఆ కార్యమును సాధించినది షైరువారి బిడ్డయే. కాని షైరువారు మార్చి 25ను పాటింపలేదు. ఆ బిడ్డ పుట్టినరోజైన సెప్టెంబరు 22ను గూడ పాటింపలేదు. బక్‌లండు అను ప్రాంతమున మాత్రము ఏటేట నవంబరు 2న సూర్యాస్తమయమున కొమ్ము నూది, మంటలువేసి, విందు చేసికొనుచుండిరి. తమ యూరిని తామే విడిపించుకొనుటకు ఆ కొమ్ము మ్రోగిన దినమది. రాజు విజయము వారికి దూరము. తమ కొమ్ము దగ్గఱ.

ఇక హాబిటన్ కొండ ప్రాంతమున ఏప్రిలు 6న సెలవు పాటించి పచ్చికబయలున నృత్యము చేయు వాడుక పుట్టినదట. ఎందులకని యడిగిన, అది సామ్ ముసలివాని పుట్టినరోజని కొందఱందురు. 1420లో బంగారుచెట్టు మొదటిసారి పూచిన దినమని కొందఱందురు. ఎల్ఫుల సంవత్సరాదియని మఱికొందఱు. మూటిలో నేది నిజమో గ్రంథకర్త తేల్చలేదు; వాన లేనినాడు మాత్రమే యా నృత్యమని చేర్చి ముందునకు సాగిపోయినాడు.